డిక్రీ బాకీల జప్తు: రైతునకు చట్టమిచ్చిన రక్షణలు

హిందూపురము, పెనుకొండ, ధర్మవరము ప్రాంతముల రైతులకు తెలియజేయునదేమనగా:

వాన తప్పిన యేట అప్పు చేయని రైతు ఈ సీమలో అరుదు. చేసిన అప్పు తీర్చవలసినదే. అందు సందేహము లేదు. కాని అప్పు తీర్చుటకై రైతు తన మడకను, కాడెద్దులను, విత్తనపు గింజలను, తల దాచుకొను ఇంటిని గూడ పోగొట్టుకొన్నయెడల మరుసటి యేడు అతడు సేద్యము చేయజాలడు. సేద్యము లేనివాడు మిగిలిన బాకీని గూడ తీర్చజాలడు. అట్టి జప్తువలన రైతు చెడును, అప్పిచ్చినవానికిని మేలు కలుగదు. ఈ విషయమును గుర్తించియే సివిలు ప్రొసీజరు కోడు 60వ సెక్షను రైతు ఆస్తిలో కొంత భాగమును జప్తునకును వేలమునకును లోబడకుండ తప్పించినది.

అయితే ఈ రక్షణ చట్టమున వ్రాయబడి యున్నంతమాత్రమున రైతు చేతికి రాదు. అడిగినవానికే అది దక్కును. అదియును వేలమునకు ముందుగా అడిగినవానికే. ఏవి జప్తునకు లోబడవో, ఏవి లోబడునో, ఎప్పుడు ఎవరిని ఎట్లు అడుగవలయునో ఇందు వివరింపబడును.

1. ఈ రక్షణ యెట్లు వచ్చినది

1800వ సంవత్సరమున నిజాము ఈ దత్తమండలములను కుంఫిణీవారికి ఇచ్చెను. 1807 వరకు థామస్ మన్రో దొర వీటికి ప్రిన్సిపలు కలెక్టరుగా నుండి, ఒక్కొక్క రైతుతో వేర్వేరుగా శిస్తు నిర్ణయించు రైతువారీ పద్ధతిని నడపెను. కాలక్రమమున పట్టాభూమి అమ్మదగినది, తాకట్టు పెట్టదగినది ఆయెను. అంతకుముందు పంటను చూచి అప్పిచ్చిన షావుకారు ఇక భూమిని చూచి అప్పిచ్చుటకు మొదలిడెను. సివిలు కోర్టుల డిక్రీలు వచ్చిన పిమ్మట భూమి చేతులు మారుట సులభమాయెను.

ఈ చిక్కు మన సీమకే పరిమితమైనది కాదు. 1875లో పూనా, అహమ్మదునగరు జిల్లాల రైతులు షావుకార్ల యిండ్లపై బడి బాండు కాగితములను తగులబెట్టిరి. దాని ఫలితముగా 1879లో దక్కను రైతుల ఋణవిమోచన చట్టము పుట్టెను. హిందూపురమునకు సరిహద్దుననున్న నాటి మైసూరు సంస్థానమున 1928లోను, అనంతపురము జిల్లా చేరియుండిన మద్రాసు రాజధానిలో 1938లోను వ్యవసాయదారుల ఋణోపశమన చట్టములు చేయబడినవి. అవి యెక్కువగా వడ్డీని, అసలును తగ్గించుటకు ఉద్దేశింపబడినవి. రైతు పనిముట్లను, ఇంటిని కాపాడు నియమము మాత్రము 1909 జనవరి 1వ తేదీనుండి అమలులోనున్న 1908వ సంవత్సరపు సివిలు ప్రొసీజరు కోడులోనిది. 1976లోను, 1999లోను, 2002లోను సవరింపబడి నేటికిని అదియే దేశమందంతట నడచుచున్నది. 2022లో ఏర్పడిన శ్రీ సత్యసాయి జిల్లాలో చేరిన ఈ మూడు ఊళ్ల కోర్టులకును అదియే ప్రమాణము.

2. జప్తునకు లోబడని ఆస్తి

సామాన్యముగా ఋణస్థునికి చెందిన భూమి, ఇండ్లు, సరకులు, రొక్కము, నోట్లు, అతనికి ఇతరులు బాకీపడిన సొమ్ము, అమ్మదగిన మరే ఆస్తియైనను జప్తు చేయవచ్చును. ఇతరుల పేరనుంచి తాననుభవించు ఆస్తియు ఇందు చేరును. ఈ క్రింద చెప్పబడినవి మాత్రము లోబడవు.

(అ) ఋణస్థునికి, భార్యకు, బిడ్డలకు అవసరమైన కట్టుబట్టలు, వంటపాత్రలు, మంచములు, పరుపులు, దుప్పట్లు; మతాచారము ననుసరించి స్త్రీ విడువరాని నగలు. తాళిబొట్టు ఇట్టిది. పెట్టెలోనున్న తక్కిన బంగారమంతయు ఇందు చేరదు.

(ఆ) వ్యవసాయదారుని పనిముట్లు, అనగా మడక, కాడిమాను, గుంటక, గొర్రు, పార, కొడవలి మొదలగునవి. అతడు సేద్యముచే జీవించుటకు అవసరమని కోర్టువారు తలచిన పశువులు, విత్తనపు ధాన్యము.

(ఇ) చేతిపనివారి పనిముట్లు. ధర్మవరమున నేతగాని మగ్గము, దాని సామగ్రి ఇట్టివి. అమ్మకమునకు సిద్ధముగానున్న చీరలు పనిముట్లు కావు. వానికి ఈ రక్షణ లేదు.

(ఈ) వ్యవసాయదారుడు గాని, కూలివాడు గాని, ఇంటిపనివాడు గాని స్వంతముగా కలిగి తాను నివసించుచున్న యిల్లు, కట్టడములు, వాని స్థలము, వాని అనుభవమునకు అవసరమై ఆనుకొనియున్న నేల. ఈ యింటి బాడుగ బాకీకై వచ్చిన డిక్రీకి మాత్రము ఈ రక్షణ చెల్లదు.

(ఉ) కూలివారి, ఇంటిపనివారి కూలి. అది రొక్కమైనను ధాన్యమైనను సరియే.

(ఊ) లెక్కపుస్తకములు, ఋణస్థుని జీవితభీమా పాలసీపై వచ్చు సొమ్ము, ప్రావిడెంటు ఫండు నిలువ, ప్రభుత్వ పింఛనుదారుల పింఛను.

(ఋ) ఇంటిలో జీతగాడు ఎవరైన ఉన్నచో, మనోవర్తి డిక్రీ కాని తక్కిన డిక్రీలలో, అతని జీతమున మొదటి 1,000 రూపాయిలును, మిగిలినదానిలో మూడింట రెండు వంతులును.

ఒక ముఖ్య విషయము. అప్పు తీసికొనునప్పుడు కొందరు షావుకార్లు, "జప్తు మినహాయింపులను నేను కోరను" అని కాగితముపై వ్రాయించుకొనుట కలదు. 1976 సవరణచే చేర్చబడిన నియమము ప్రకారము అట్టి యొడంబడిక చెల్లదు. సంతకము చేసితినిగదా యని రైతు నోరు మూసికొని యుండనక్కరలేదు.

3. వ్యవసాయదారుడనగా నెవడు

పట్టా ఉన్న ప్రతివాడును ఈ రక్షణకు అర్హుడు కాడు. భూమిని స్వయముగా సేద్యము చేయుచు, తన జీవనమునకు ముఖ్యముగా వ్యవసాయపు రాబడిపై ఆధారపడినవాడే వ్యవసాయదారుడని చట్టము చెప్పుచున్నది. అతడు భూస్వామియైనను, కౌలుదారైనను, భాగస్థుడైనను, వ్యవసాయకూలియైనను కావచ్చును. స్వయముగా సేద్యము చేయుట యనగా తాను గాని, ఇంటివారు గాని, రొక్కముగనో ధాన్యముగనో కూలి యిచ్చి పెట్టుకొన్న పనివారు గాని చేయుట. పంటలో పాలు ఇచ్చు పద్ధతి ఇందు చేరదు.

కావున భూమినంతయు కోరుకిచ్చి, తాను బజారులో అంగడి నడపుకొనువాడు వ్యవసాయదారుడనని చెప్పుకొనిన కోర్టువారు నమ్ముట కష్టము. తన చేను తాను దున్నించుకొనుచు, దానిపైనే ఇల్లు గడపుకొనువాడు పట్టాదారు పాసుపుస్తకము, అడంగలు నకలు, విత్తనములు ఎరువులు కొన్న రసీదులు, మార్కెటులో పంట అమ్మిన చీటీలు భద్రపరచుకొనవలయును. తాను రైతునని ఋజువు చేయవలసిన భారము అతనిదే.

4. రక్షణ లేని సందర్భములు

ఇచ్చట పలువురు పొరబడుదురు గనుక కొంచెము విపులముగా చెప్పవలసియున్నది.

మొదటిది, సేద్యపు భూమి. ఎద్దులకును మడకకును రక్షణ కలదు గాని అవి దున్ను పొలమునకు 60వ సెక్షను క్రింద రక్షణ లేదు. ఇంటికి ఆనుకొని దాని అనుభవమునకు అవసరమైన నేలకు మాత్రమే రక్షణ. ప్రామిసరీ నోటుపై తీసికొన్న చిన్న అప్పునకు గూడ డిక్రీ అయినయెడల పొలము వేలమునకు రావచ్చును.

రెండవది, తాకట్టు. ఏ యాస్తిని ఆ బాకీకే హామీగా వ్రాసియిచ్చితిమో దానిని తాకట్టు డిక్రీపై అమ్మునప్పుడు ఈ మినహాయింపు ఆదుకొనునని నమ్మరాదు. నివాసగృహమును అప్పునకు తాకట్టు వ్రాయుట యనగా చట్టము కట్టిన గోడను మన చేతులతో మనమే పడగొట్టుట. ట్రాక్టరును హామీ పెట్టి కొన్నవారును ఈ మాటను గుర్తుంచుకొనవలయును.

మూడవది, పంట. విత్తనమునకు రక్షణ కలదు. కోతకోసిన పంటయంతటికిని లేదు. తరువాతి పంటవరకు సేద్యమునకును కుటుంబపోషణకును కావలసినంత భాగమును రాష్ట్రప్రభుత్వమువారు 61వ సెక్షను క్రింద ఉత్తరువుచే మినహాయించినపుడే అంతమేరకు రక్షణ కలుగును. అయినను పంట విషయమున రైతునకు రెండు మేళ్లు కలవు. డిక్రీ రాకమునుపు వ్యాజ్యము నడచుచుండగా ఇతర ఆస్తిని జప్తు చేయించవచ్చును గాని, వ్యవసాయదారుని స్వాధీనమందున్న పంటను జప్తు చేయించుటకు వీలులేదు. డిక్రీ అయిన పిదప చేనిపై పంట జప్తు అయినను, దానిని కాపాడుటకును, కోయుటకును, కూర్చి నిలువచేయుటకును రైతునకు హక్కు కలదు. పంట కోతకు రాకముందే బహుకాలము ముందుగా జప్తు ఉత్తరువు అయినచో కోర్టువారు దాని అమలును కొంతకాలము ఆపవచ్చును.

నాలుగవది, ఇక్కడ చెప్పబడినది సివిలు కోర్టు డిక్రీలను గూర్చి మాత్రమే. భూమిశిస్తు బాకీలకును, సహకారసంఘముల బాకీలకును వేరు చట్టములు, వేరు పద్ధతులు కలవు. బ్యాంకులు కోర్టుకు పోకుండనే హామీ ఆస్తిని స్వాధీనపరచుకొనుటకు వీలిచ్చు 2002వ సంవత్సరపు చట్టము వ్యవసాయభూమిపై హామీకి వర్తింపదు.

5. ఒక యుదాహరణము

పెనుకొండ ప్రక్క ఒక యాసామి యున్నాడనుకొందము. అతనికి ఆరెకరముల మెట్టభూమి, స్వంత యిల్లు, ఒక జత యెద్దులు, ఒక గేదె, ఇరువది మేకలు, విత్తనమునకై యెత్తిపెట్టిన వేరుసెనగ, కళ్లమునందు రాసిపోసిన కాయలు, హిందూపురమున బాడుగకిచ్చిన యొక అంగడి కలవు. ప్రామిసరీ నోటుపై 2,00,000 రూపాయిలకు డిక్రీ అయినది. డిక్రీదారు సమస్తమును జప్తు చేయ గోరినాడు.

ఇల్లు, మడక, గుంటక, గొర్రు లోబడవు. ఎద్దులు లేక సేద్యము సాగదని చూపినచో అవియు తప్పును. విత్తనపు కాయలు ఆరెకరములకు తగినంతమేరకు తప్పును. అంతకు మించిన మూటలను విత్తనమనిన చెల్లదు. గేదె విషయము కోర్టువారి అభిప్రాయముపై నుండును. దాని పేడ, పాలు తన సేద్యమునకును జీవనమునకును ఎట్లు అవసరమో అతడు చెప్పుకొనవలయును. మేకలు తప్పుట కష్టము. కళ్లమునందలి కాయలు, హిందూపురపు అంగడి, భూమి లోబడును.

ఇంతమాత్రమున ఆరెకరములును పోవలెనని కాదు. 21వ ఆర్డరు 64వ రూలు ప్రకారము డిక్రీ తీరుటకు ఎంత ఆస్తి అవసరమో అంతమాత్రమే అమ్మవలయును. అంగడి ఒక్కటి అమ్మిన బాకీ తీరునని చూపగలిగిన భూమిని వేలమునుండి తప్పింపవచ్చును. ఆంధ్రప్రదేశమునుండి వెళ్లిన యొక వ్యాజ్యమున రమారమి 2,400 రూపాయిల బాకీకి పదియెకరములు వేలమైనవి. 1989లో సుప్రీం కోర్టువారు దానిని పరిశీలించి, తగినంత భాగము అమ్మిన చాలునా యని ముందు విచారించుట కోర్టునకు ఇష్టమున్న చేయునది కాదనియు, విధిగా చేయవలసినదనియు తీర్పు చెప్పిరి.

6. అమీనా వచ్చినపుడు

చరాస్తిని అమీనా స్వయముగా స్వాధీనపరచుకొని జప్తు చేయును. సూర్యాస్తమయము తరువాతను, సూర్యోదయమునకు ముందును జప్తుకై నివాసగృహమున ప్రవేశింపరాదు. ఋణస్థుడు తానున్న యింటిలోనికి రానీయక అడ్డుపడిననే గాని వీధితలుపు పగులగొట్టరాదు. ఘోషా స్త్రీలున్న గదియైనచో వారు వెలుపలికి పోవుటకు అవకాశమీయవలయును.

రైతు తలుపు మూయుట, కేకలు వేయుట, అమీనాను త్రోయుట కూడదు. అట్లు చేసిన నేరము మీదబడును. అమీనా వ్రాయు జాబితాను చదివించుకొని, "ఈ యెద్దులు సేద్యపువి, ఈ మూటలు విత్తనము" అని అచ్చటనే సాక్షుల యెదుట చెప్పి వ్రాయుమని కోరవలయును. నకలు అడిగి తీసికొనవలయును. జప్తయిన పశువులను, పనిముట్లను పూచీపై తగిన మనిషి వశమున ఉంచుటకును నియమము కలదు.

స్థిరాస్తి జప్తు వేరు విధము. అన్యాక్రాంతము చేయరాదని ఉత్తరువు ఇచ్చి, దండోరా వేయించి, ఆస్తిపైనను కోర్టు కచ్చేరియందును నకలు అంటింతురు. శిస్తుభూమియైన కలెక్టరు కచ్చేరియందును, గ్రామమునందున్నచో పంచాయతీ కచ్చేరియందును అంటింతురు.

7. రైతు క్రమముగా చేయవలసినవి

సమను వచ్చినపుడు కోర్టునకు పోవలయును. పోకున్న ఎక్స్‌పార్టీ డిక్రీ యగును. అట్లయినచో తగిన కారణము చూపి 30 దినములలోగా దానిని రద్దుచేయుమని అర్జీ యిడవచ్చును. డిక్రీ వ్రాయునపుడే కిస్తులుగా చెల్లించుటకు అనుమతి కోరవచ్చును. డిక్రీ అయిన పిదప కిస్తులకు డిక్రీదారుని సమ్మతి వలయును. కావున మొదటనే యడుగుట మేలు.

జప్తు అయిన వెంటనే 21వ ఆర్డరు 58వ రూలు క్రింద ఆక్షేపణ అర్జీ దాఖలు చేయవలయును. ఆస్తి వేలమైన పిదపను, కావలయునని జాగుచేసి వచ్చినపుడును కోర్టువారు దానిని విచారింపరు. ఆస్తి భార్యదైనను, తమ్మునిదైనను వారే స్వంతముగా అర్జీ పెట్టుకొనవలయును.

కోర్టు వెలుపల చెల్లించిన సొమ్మును గూర్చి మిక్కిలి జాగ్రత్త వలయును. డిక్రీ అయిన తరువాత షావుకారు చేతికిచ్చి, అది కోర్టులో నమోదు కాకున్నయెడల, డిక్రీ అమలుచేయు కోర్టు ఆ చెల్లింపును లెక్కలోనికి తీసికొనదు. సొమ్మును కోర్టులోనే కట్టుట, లేదా మనియార్డరుచేతనో బ్యాంకుద్వారానో పంపుట ఉత్తమము. చేతికిచ్చినచో సంతకముతో రసీదు పుచ్చుకొని, 30 దినములలోగా నమోదుచేయుమని ఋణస్థుడే అర్జీ యిడవలయును. డిక్రీకి పండ్రెండేండ్ల ఆయువు కలదు. పదేండ్లనాడు నోటిమాటగా తీరినదనుకొన్న బాకీ మరల తలుపు తట్టవచ్చును.

వేలపు ప్రకటన వచ్చినపుడు అందలి వెలను, సర్వే నంబరును, విస్తీర్ణమును సరిచూడవలయును. ప్రకటన కోర్టులో అంటించిన తరువాత స్థిరాస్తికి 15 దినములు, చరాస్తికి 7 దినములు గడవక వేలము జరుపరాదు. చెడిపోవు సరకులు మాత్రము వెంటనే అమ్మవచ్చును. తాకట్టు డిక్రీ కానియెడల, స్థిరాస్తిలో కొంత స్వయముగా అమ్మియో కౌలుకిచ్చియో బాకీ తీర్తునని చెప్పి వేలము వాయిదా కోరవచ్చును. పాట ముగియకమునుపు బాకీ, ఖర్చులు కట్టిన వేలము ఆగును.

వేలమైన పిదప గూడ ఆశ పూర్తిగా పోదు. 60 దినములలోగా ప్రకటనలోని బాకీ మొత్తమును, పాటదారునకు పాట సొమ్ముపై నూటికి 5 వంతునను కోర్టులో కట్టినయెడల స్థిరాస్తి వేలము రద్దగును. ప్రకటనలో గాని పాటలో గాని పెద్ద లోపమో మోసమో జరిగి, దానివలన నష్టము కలిగెనని ఋజువైనను రద్దగును.

8. కారాగారమును గూర్చి

బాకీ తీర్చలేనంతమాత్రమున రైతును చెరసాలకు పంపరాదు. తీర్చగల శక్తి యుండియు తీర్చకుండుట, ఆస్తిని దాచుట మొదలగు దురుద్దేశము కనబడవలయునని 1980లో సుప్రీం కోర్టువారు తీర్పు చెప్పియున్నారు. రొక్కపు డిక్రీపై స్త్రీని నిర్బంధింపరాదు. బాకీ 2,000 రూపాయిలకు మించనియెడల ఎవ్వరిని గాని నిర్బంధింపరాదు. "పోలీసులచే పట్టించెదము" అను బెదిరింపునకు లొంగి భూమిని వ్రాసియిచ్చుట తగదు.

9. చేయరాని పనులు

కొందరు సమను రాగానే భూమిని బావమరిదిపేర రిజిస్టరు చేయుదురు. ఎద్దులను పొరుగూరికి తోలుదురు. అప్పులవారిని వంచించుటకై చేసిన బదిలీని కోర్టు త్రోసివేయగలదు. జప్తు తరువాత చేసిన అమ్మకము డిక్రీదారుని హక్కునకు ఎదురుగా చెల్లదు. అంతేకాక అట్టివాని మాటను కోర్టు పిమ్మట నమ్మదు. నిజముగా సేద్యపువైన యెద్దులను గూర్చి చెప్పినను అబద్ధమనియే తోచును. దాచినవాడు చట్టపు రక్షణను గూడ పోగొట్టుకొనును. ఉన్నది ఉన్నట్లు చూపి అడిగినవాడు నిలబెట్టుకొనును. దుర్మార్గముగా పేరు మార్పించుకొన్న బంధువు తరువాత తిరిగి యీయకున్నచో అడుగుటకు నోరుండదు.

10. వకీలు ఖర్చు లేనివారు

1987వ సంవత్సరపు న్యాయసేవాధికార చట్టము ప్రకారము స్త్రీలకును, షెడ్యూల్డు కులములవారికిని, తెగలవారికిని, నిర్ణయించిన ఆదాయమునకు లోబడినవారికిని ఉచితముగా వకీలును నియమింతురు. కఱవు బాధితులును ఇందు చేరుదురని మన సీమవారు ముఖ్యముగా గుర్తించునది. కోర్టు ఆవరణలోని న్యాయసేవాసంఘమువారికి అర్జీ యిచ్చిన చాలును. ఉభయులకు సమ్మతమైనచో లోకదాలతులో రాజీ చేసికొనవచ్చును. ఆ తీర్పు డిక్రీతో సమానము, దానిపై అప్పీలు లేదు. కావున తీర్చగలిగిన కిస్తులకే ఒప్పుకొనవలయును.

పై సంగతులను చదువనేర్చినవారు చదువరానివారికి చదివి వినిపింపవలయును. విశేషించి మూడు మాటలు ఇంటింట తెలిసియుండవలయును: నివాసగృహమును తాకట్టు వ్రాయకుడు, కోర్టు కాగితము వచ్చిననాడే కోర్టునకు పొండు, చెల్లించిన ప్రతి రూపాయిని కోర్టులో నమోదు చేయించుడు.